బల్ల కింద పాదాలు

పుస్తకాలు వచ్చాయి. బడి తెరిచిన నాడు రావలసినవి, పూజ సెలవులు కూడా అయిపోయాక, ఆటోలో బియ్యం బస్తాల మీద కూర్చుని తీరిగ్గా వచ్చాయి. హెడ్మాస్టరు బనమాలి సార్ పంచె ఎగ్గట్టి తనే ఒక కట్ట దింపాడు. తాడు పళ్ళతో కొరికి, మూడో తరగతి పుస్తకం తీసి విషయసూచిక మీద వేలు పెట్టాడు. ఆ వేలు సగం దాకా దిగి ఆగింది. అంతే, వరండా అదిరేలా కేక పెట్టాడు.

"గురుమా! ఓ గురుమా! మీ కథ పడిందండీ! పేరుతో సహా పడింది! ఇవాళ ఛెనాపోడ మిఠాయి తెప్పించకపోతే నేను ఊరుకోను!"

సైరింధ్రి గురుమా అప్పుడు మూడో తరగతిలో కథ చెబుతోంది. కేక వినపడినా లేవలేదు. కథ మధ్యలో లేస్తే పిల్లలు చిలికా సరస్సులో చేపల్లా చెదిరిపోతారు, మళ్ళీ పోగు చెయ్యడం ఎవరి తరం!

ఆవిడ కథ రాసి చదవదు, చెప్పి రాస్తుంది. ఇన్నేళ్ళుగా పిల్లల పత్రికల్లో వచ్చిన ప్రతి కథా ముందు ఈ గదిలో నలిగినదే. చెబుతున్నంతసేపూ పిల్లల మొహాలు చూడదు. మొహాలదేముంది, కళ్ళు గురుమాకి అప్పగించి మనసుని ఎటో పంపించడం ఒకటో తరగతిలోనే నేర్చేసుకుంటారు. బల్ల కింద పాదాలు మాత్రం అబద్ధమాడవు. కథ పట్టు తప్పిందంటే చాలు, ఏదో మూల ఒక జత పాదాలు ఊగడం మొదలెడతాయి, పక్కవి అందుకుంటాయి. అప్పుడావిడ మాట ఆపకుండానే సుద్దముక్కతో కుర్చీ చేతి మీద చిన్న గీత గీస్తుంది. ఇంటికెళ్ళి రాసేటప్పుడు ఆ చోట ఆ వాక్యం ఉండదు.

కిటికీ పక్క బల్ల మీద కుని అనే పిల్ల కూర్చుంటుంది. మహిసకుద లంక నుంచి వస్తుంది. దాని పాదాలు ఇంతవరకూ ఒక్క కథకీ ఊగలేదు. ఒకదాని మీద ఒకటి వేసుకుని, పెట్టిన చోట పెట్టినట్టే ఉంటాయి. దీనికి నా కథలంటే ప్రాణం, అనుకునేది గురుమా. ఆ పిల్ల పక్కన, బల్ల చివర, ఒక మనిషి పట్టేంత చోటు ఖాళీ. అక్కడ ఎవరూ కూర్చోరు. కూర్చోమని ఆవిడా ఎవరికీ చెప్పలేదు.

కథ ముగించి ఆఫీసు గదిలోకి వెళ్ళేసరికి బనమాలి సార్ పుస్తకం తెరిచి పట్టుకుని పెళ్ళికొడుకులా నిలబడి ఉన్నాడు.

"చదవండి, చదవండి. రాష్ట్రంలో ఎన్ని బళ్ళున్నాయి, ఎంతమంది పిల్లలు! అందరూ మన బడి కథ చదువుతారు. నా పేరెక్కడా లేదనుకోండి, అయినా నాకేం బాధ లేదు!"

గురుమా నవ్వుతూనే అందుకుంది. మొదటి వాక్యం తనదే. 'దులా దోనె చిన్నది, దులా ఇంకా చిన్నవాడు.' రెండోదీ తనదే. పిల్లాడు లంక నుంచి రోజూ తెడ్డేసుకుంటూ బడికి రావడం, తడిసిన చొక్కా కిటికీ ఊచకి ఆరేసి పాఠం వినడం, అన్నీ తనవే. పేజీ తిప్పింది. నవ్వు పోయింది. మళ్ళీ వెనక్కి తిప్పి, ఏదైనా కాగితం జారిపోయిందేమోనని కుట్టు దగ్గర వేలితో తడిమి చూసింది.

ఆవిడ రాసిన కథలో దులా ఒకరోజు రాడు. లంక పిల్లల కోసమని ఇచ్చిన బడి పడవ చిల్లులు పడి ఒడ్డున బోర్లించి ఉంటుంది, గాలి లేస్తుంది, దోనె ఒక్కటే ఒడ్డుకి కొట్టుకొస్తుంది. చాన్నాళ్ళకి కొత్త పిల్లాడొకడు చేరతాడు. పిల్లలు వాడి కోసం జరిగి జరిగి కూర్చుంటారు గానీ దులా చోటు మాత్రం ఇవ్వరు. అక్కడితో అయిపోతుంది. ఈ పుస్తకంలో దులాకి సగం దారిలో అమ్మ మాట గుర్తొస్తుంది. 'గాలి లేస్తే వెళ్ళకు నాన్నా' అంది కదా అమ్మ! దోనె వెనక్కి తిప్పుతాడు, క్షేమంగా ఇల్లు చేరతాడు. మర్నాడు గురువుగారు మెచ్చుకుంటారు. కింద ప్రశ్న: దులా ఎందుకు క్షేమంగా ఉన్నాడు? పెద్దల మాట విన్నాడు కనుక.

"నా ముగింపేది సార్?"

"చిన్నపిల్లలకి చావెందుకని పాఠ్యపుస్తకాల కమిటీ వాళ్ళు కాస్త సరిచేసినట్టున్నారు. బావుంది కదండీ, నీతి కూడా ఉంది."

"మరి పడవేది?"

"ఏ పడవ?"

గురుమా కిటికీలోంచి చెయ్యి చూపించింది. ఒడ్డున ఇసకలో బడి పడవ బోర్లించే ఉంది, రెండు వానాకాలాల కిందట ఎలా ఉందో అలాగే. దాని నీడలో మేకలు పడుకుని నెమరేస్తున్నాయి. బనమాలి సార్ అటు చూసి, కళ్ళజోడు తీసి, తుడుచుకోవలసిన పని లేకపోయినా తుడుచుకున్నాడు.

"మాట విన్నవాడు బతికాడంటే, మన టుకునా మాట వినక మునిగి చచ్చాడనేగా?" అంది గురుమా. "దులా అంటే ఎవరో ఈ బళ్ళో ప్రతి పిల్లకీ తెలుసు. వాడి చెల్లెలు కుని ఈ బళ్ళోనే కూర్చుని ఈ పాఠం చదవాలి. ఆ ప్రశ్నకి జవాబు రాయాలి. నేను చెప్పను సార్ ఈ పాఠం."

"నెమ్మది, నెమ్మది. రిటైరయ్యే ముందు ఎందుకొచ్చిన గొడవ చెప్పండి," అన్నాడు సార్. ఛెనాపోడ మాట మళ్ళీ ఎత్తలేదు.

మర్నాడు విరామంలో ఆవిడ పట్నంలోని కమిటీకి ఫోన్ చేసింది. అవతలి మనిషి మర్యాదస్తుడే, ముందుగా అభినందనలు చెప్పాడు. పిల్లలకి ఆశ కలిగించాలి కదమ్మా అన్నాడు. పడవ సంగతి కథకి అనవసరం అనిపించింది అన్నాడు. గురుమా వదల్లేదు. అది జరిగిన విషయం, ఆ పిల్లాడు నా బళ్ళో చదివాడు అని చెప్పింది.

"అలాగా. మరి ఆ పిల్లాడి తల్లిదండ్రులు అభ్యంతరం చెబుతున్నారా? మీరంటే కథ రాసినవారు, మీకు ఎలాగూ ఉంటుంది. తల్లే అర్జీ పెట్టిందనుకోండి, అది వేరు. వచ్చే ముద్రణలో మీ ముగింపే వేస్తాం."

ఆ మాట పట్టుకుంది గురుమా. తండ్రి సూరత్‌లో మగ్గాల మీద ఉన్నాడు, ఎప్పుడొస్తాడో తెలీదు. తల్లి ఉంది. ఏ తల్లి ఊరుకుంటుంది? మాట వినని కొడుకని లోకమంతా పాఠం చదువుతుంటే ఏ తల్లి వేలిముద్ర వెయ్యనంటుంది? ఆ సాయంత్రమే అర్జీ తన చేత్తో రాసి, సిరా డబ్బాతో సహా సంచిలో పెట్టుకుంది.

దీపావళి నాడు బడి లేదు. ఎండ కాస్త వాలాక రొయ్యల సరుకు దింపి తిరిగి వెళ్తున్న మోటారు పడవెక్కి మహిసకుద వెళ్ళింది. రేవులో వలలు తిరగేస్తున్న ఆడవాళ్ళు చూసి లేచారు.

"గురుమా వచ్చింది! పండగపూట గురుమా వచ్చిందేవ్! ఎవరింటికమ్మా?"

"కుని వాళ్ళింటికి."

"కుని బౌ ఇంట్లోనే ఉంది, వెళ్ళండి."

అక్కడ అమ్మని బౌ అంటారు. పెళ్ళయి బిడ్డ పుట్టిందంటే ఇక ఆడదాని సొంత పేరు ఎవరికీ గుర్తుండదు, పెద్ద బిడ్డ పేరు పెట్టి ఫలానా బౌ అంటారు. ఈమె ఎనిమిదేళ్ళ పాటు టుకునా బౌ. వాడు పోయాక, ఎవరు మొదలెట్టారో, ఒక్కొక్కరే ఆ పేరు నోట్లోకి రాకుండా జాగ్రత్తపడి కుని బౌ అనడం అలవాటు చేసుకున్నారు. గురుమా కూడా అలాగే అనేది.

ఆమె వాకిట్లో గొంతుకూర్చుని బియ్యప్పిండితో పడవ ముగ్గు వేస్తోంది. దీపావళికి ఇంటింటా వేస్తారు. ఏడు గదుల పడవ గీసి, గదికొక దినుసు పెట్టి, మునిమాపున గోగుపుల్లలు వెలిగించి ఆకాశంకేసి ఎత్తి పట్టుకుని పోయిన పెద్దల్ని పిలుస్తారు, చీకట్లో వచ్చి వెలుగులో వెళ్ళండని. ఆమె చూపుడువేలు, మధ్యవేలు పిండిలో ముంచి గీత లాగుతోంటే ఎక్కడా తెగడంలేదు. గురుమాని చూసి చీర చెంగు తల మీదికి లాక్కుని, పిండి చేత్తో నేలకి మొక్కింది.

"రండి గురుమా. అరుగు మీద కూర్చోండి, దుమ్ముంది, ఉండండి తుడుస్తా. కునీ, మంచినీళ్ళు తే! ముడి తే!"

కుని మరమరాలు, బెల్లంముక్క తెచ్చి పెట్టి తలుపు పక్కన నక్కింది. అత్తగారు లోపల్నుంచి కర్ర తాటించుకుంటూ వచ్చి చూరు కింద కూర్చుంది. గురుమా సంచి ఒళ్ళో పెట్టుకుని, మాట ఎక్కడ మొదలెట్టాలో తెలీక మరమరాలు నోట్లో వేసుకుంది. అంతలో ఆమే అంది.

"మీకు కబురు చేద్దామనుకున్నా గురుమా. మీరే వచ్చారు. నా కొడుకుని పుస్తకంలో పెట్టారు కదా."

"ఆ సంగతి మాట్లాడదామనే వచ్చాను."

"ఇది రోజూ చదివి వినిపిస్తోంది. రొయ్యలు వలుస్తున్నంతసేపూ చదివిస్తా. కునీ, తే, గురుమా ముందు చదువు. సిగ్గెందుకే, గురుమాకే సిగ్గా?"

కుని పుస్తకం తెచ్చింది. కొత్త పుస్తకానికి అప్పుడే ఆ పేజీ దగ్గర చేప నీచు పట్టి మెత్తబడింది. కాళ్ళు మడిచి పావడా కింద దాచుకుని కూర్చుని చదవసాగింది. బళ్ళో కూడబలుక్కునే పిల్ల, ఇక్కడ పేజీ చూడకుండానే చదువుతోంది. "...గాలి లేచింది. నీళ్ళు నల్లబడ్డాయి. అప్పుడు దులాకి అమ్మ మాట గుర్తొచ్చింది. గాలి లేస్తే వెళ్ళకు నాన్నా అంది కదా అమ్మ..."

"అక్కడ ఆపు," అంది తల్లి. ముగ్గు గీస్తున్న చెయ్యి గాల్లో ఆగింది, వేళ్ళ నుంచి పిండి చుక్కలుగా నేల మీద పడుతోంది. "ఆ మాట ఇంకోసారి చదువు."

"గాలి లేస్తే వెళ్ళకు నాన్నా అంది కదా అమ్మ."

"ఊఁ. ఇక చదువు."

పిల్లాడు ఇల్లు చేరేదాకా చదివించి, ప్రశ్నల దగ్గరికి రాగానే చాల్లే అంది. కుని పుస్తకం మూసి లోపలికి వెళ్ళిపోయింది. గురుమా సంచిలో చెయ్యి పెట్టి కాగితం అంచు పట్టుకుంది.

"నేను అలా రాయలేదమ్మా," అంది. "వాడు తిరిగొచ్చాడని నేను రాయలేదు. బడి పడవ బోర్లించి ఉందని రాశాను, వాడి చోటు ఖాళీగా ఉందని రాశాను. పట్నం వాళ్ళు మార్చేశారు. మాట వినని పిల్లలే మునుగుతారన్నట్టు చేశారు. నువ్వు ఒక్క మాటంటే..."

"మాట విన్నాడు గురుమా."

"ఏమిటి?"

"వాడు నా మాట విన్నాడు." ఆమె ముగ్గుకేసే చూస్తూ మాట్లాడింది. "దక్షిణపు గాలి లేస్తోంది బౌ, ఇవాళ వెళ్ళను అన్నాడు. నేనే తిట్టాను. ఆ రోజు బళ్ళో గుడ్డు పెట్టే రోజు. ఇంట్లో చద్దన్నంలోకి ఉప్పు తప్ప ఏం లేదు. గుడ్డు పోతుంది, వెళ్ళరా వెధవా అన్నాను. వెళ్ళాడు. ఇదెవరికీ చెప్పలేదు. వాళ్ళ నాన్నకీ చెప్పలేదు."

చూరు కింద ముసలామె కర్ర కదపలేదు. ఆవిడకి తెలిసే ఉంటుంది, ఒకే ఇంట్లో మనిషి కదా.

"ఈ పుస్తకంలో తల్లి వెళ్ళకు అంది చూడండి," అంది ఆమె. "నేను అనవలసిన మాట ఆమె అంది. రోజూ వింటాను. విన్నప్పుడల్లా ఇక్కడ కోస్తుంది గురుమా, అయినా చదవమంటాను. ఎందుకంటే ఆ మాట తర్వాత వాడొచ్చేస్తాడు."

గురుమా మరమరాలు పక్కన పెట్టింది. పడవ మీదా, కమిటీ మీదా కోపం తెచ్చుకున్న మనిషి, గుడ్డు మీద ఎవరిని కోప్పడుతుంది? ఆ గుడ్లు తనే పంచేది. ఆ రోజు కూడా తనే పంచింది. ఒకటి మిగిలితే, ఎవడు రాలేదర్రా, అని అడిగింది కూడా.

ఎండ పోయింది. ఇంటింటి ముందూ గోగుపుల్లల కట్టలు బయటికొస్తున్నాయి. ఆమె ఏడో గది పూర్తి చేసి, కాస్త ఆలోచించి, ఆ పెద్ద పడవ పక్కన చెయ్యెడు దోనె ఒకటి గీసింది. దానికొక తెడ్డు కూడా పెట్టింది. ముసలామె లేచి వచ్చింది. ఏమీ తిట్టలేదు. వంగి, వణికే అరచేత్తో ఆ దోనెని మెల్లగా తుడిచేసింది.

"నిరుడూ చెప్పాను కదే. పెద్దల్నే పిలవాలి. పసివాణ్ణి పిలిస్తే అటూ పోలేడు, ఇటూ రాలేడు. వాడి దారిన వాణ్ణి పోనీ తల్లీ."

"సరే అత్తా," అంది ఆమె. చేతులు చెంగుకి తుడుచుకుంది.

పుల్లలు వెలిగాయి. లంకంతా పిలుపులతో నిండింది. ప్రతి వాకిట్లోనూ తాతల్నీ ముత్తాతల్నీ కేకేస్తున్నారు, కుర్రాళ్ళు పోటీలు పడి గొంతు చించుకుంటున్నారు. ఆమె కూడా పుల్ల ఎత్తి పట్టుకుని మామగారిని పిలిచింది, ఆయన తండ్రిని పిలిచింది. అక్కడితో నోరు మూసుకుంది. పుల్ల మాత్రం వేళ్ళ దాకా కాలేవరకూ దించలేదు.

"చూశారుగా గురుమా," అంది బూడిద దులుపుకుంటూ. "నేను పిలవడానికి వేరే చోటు లేదు. ఆ పుస్తకంలోనే వస్తాడు. ఒక్క మాటంటే అని మీరేదో అన్నారు ఇందాక, నాకు సగం అర్థం కాలేదు. దాన్ని మార్చకండి."

సంచిలోంచి చెయ్యి తీసేసింది గురుమా. కాగితం లోపలే ఉండిపోయింది. మెట్టు దిగి, రేవు వైపు రెండడుగులు వేసి, వెనక్కి తిరిగింది.

"వెళ్ళొస్తాను, టుకునా బౌ."

ఆమె ఉలిక్కిపడింది. చూరు కింద ముసలామె తల ఎత్తింది. రెండేళ్ళుగా ఆ వాకిట్లో ఎవరూ అనని మాట అది. ఆమె చీర చెంగు నోటికి అడ్డం పెట్టుకుని తల ఊపింది. గురుమా ఇక నిలబడలేక చకచకా నడిచింది.

పడవలో ఇంజను మోతకి ఎవరి మాటా ఎవరికీ వినపడదు, అదొక సుఖం. కళ్ళు తుడుచుకుని, కాసేపటికి గురుమా తనలో తను గొణుక్కోవడం మొదలెట్టింది. 'దులా క్షేమంగా ఇల్లు చేరెను.' ఛీ, చచ్చు వాక్యం! క్షేమమేమిటి, చేరెనేమిటి! ఏ మహానుభావుడు రాశాడో గానీ వాడి ఇంటికి ఏ పిల్లాడూ తిరిగొచ్చి ఉండడు. పిల్లాడు ఇంటికొస్తే తల్లికి ముందు ఏం వినపడుతుంది? మొహం కాదు, మాట కాదు. తెడ్డు గోడకి ఆనించిన చప్పుడు. ఆ తర్వాత ఆకలంటాడు. ఆకలనకుండా ఏ పిల్లాడైనా గడప దాటతాడా? పెదాలు కదుపుతూ ఒకటికి పదిసార్లు అనుకుంది. ఏ మాటనైతే పుస్తకంలోంచి పెరికించాలని బయల్దేరిందో ఆ మాటనే పాలిష్ పడుతూ ఒడ్డు చేరింది.

పండగ వెళ్ళి బడి తెరిచాక బనమాలి సార్ గేటు దగ్గరే పట్టుకున్నాడు.

"వేలిముద్ర పడిందా?"

"లేదు. నేను అడగలేదు."

"హమ్మయ్య! మంచి పని చేశారు. నేను చెప్పలా, ఎందుకొచ్చిన గొడవని? అందరికీ అదే మంచిది." ఆయన తేలిగ్గా ఊపిరి వదిలాడు. ఆ ఊపిరి చూస్తే గురుమాకి ఒళ్ళు మండింది.

"ఆ తల్లికి మంచిదని ఊరుకున్నాను సార్, మీకు మంచిదని కాదు. ఆ పడవ సంగతి నేను వదల్లేదు," అంది. అని క్లాసుకి వెళ్ళిపోయింది. ఆయన ఒడ్డుకేసి చూడకుండా గదిలోకి నడిచాడు.

తొమ్మిదో పాఠం. పిల్లలు పుస్తకాలు తెరిచారు. గురుమా మూయమంది. కుర్చీ కాస్త ముందుకి జరుపుకుని, సుద్దముక్క చేతిలోకి తీసుకుని, దులా కథ చెప్పడం మొదలెట్టింది. దోనె వచ్చింది, తెడ్డు వచ్చింది. ఊచకి ఆరేసిన చొక్కా వచ్చేసరికి ఇద్దరు ముగ్గురు కిటికీ పక్క ఖాళీ చోటుకేసి చూశారు. గాలి లేచింది. బల్లల కింద పాదాలన్నీ బిగుసుకున్నాయి. దులా తెడ్డు ఆపాడు. వెళ్ళకు నాన్నా అంది కదా అమ్మ. దోనె తిప్పాడు. నీళ్ళు తన్నుతున్నాయి, తిప్పాడు.

"ఇంట్లో తల్లి రొయ్యలు వలుస్తోంది," అంది గురుమా. "బయట గాలికి తలుపు కొట్టుకుంటోంది. ఇంతలో గోడ పక్కన తెడ్డు ఆనించిన చప్పుడయింది. ఎవరూ, అంది తల్లి. నేనే బౌ, ఆకలేస్తోంది."

గదిలో ఒక్క పాదం కదల్లేదు. గురుమాకి తెలుసు, కథ నిలబడింది. అబద్ధమే, అయినా అంత బాగా నిలబడింది. కిటికీ బయట, బోర్లించిన పడవ కింద మేక ఒకటి అరిచింది. పాఠం కింద ప్రశ్న అడగకూడదని ముందే అనుకుంది. సుద్దముక్క కింద పెట్టబోతూ అలవాటుగా చివరిసారి బల్లల కిందికి చూసింది.

కిటికీ పక్క బల్ల కింద రెండు చిన్న పాదాలు ఊగుతున్నాయి.

ఇన్నాళ్ళూ ఒకదాని మీద ఒకటి బిగించి పెట్టిన కాళ్ళు. కథంటే ప్రాణమని తను మురిసిపోయిన కాళ్ళు. అవి ఇప్పుడు విడివడి, బెదురు వదిలి, దోనె అంచున కూర్చుని నీళ్ళలో ఆడించినట్టు, ముందుకీ వెనక్కీ ఊగుతున్నాయి. కుని చేతులు బల్ల మీద పెట్టుకుని ఎటో చూస్తోంది, తన కాళ్ళు ఊగుతున్న సంగతి దానికే తెలీదు.

గురుమా వేళ్ళలో సుద్దముక్క ఉంది. కుర్చీ చేతి మీద గీత గియ్యలేదు.

"ఇంకోసారి చెప్పనా?" అని అడిగింది.